కొండలు ఐసుపెట్టె

బరంపురం
10 ఫిబ్రవరి 2025

చి. ప్రణతికి అమ్మమ్మ దీవెనలు.

నెల మొదటి ఆదివారం తప్ప నేను ఉత్తరం రాయనని నీకు తెలుసు. ఇవాళ సోమవారం, రెండో వారం. సోనేపూర్ కొండలు చనిపోయాడు. నిన్న పెద్దకర్మ జరిగింది. ఈ ఉదయం వాళ్ళమ్మ కాసమ్మ మన ఇంటికి వచ్చి, నిన్ను ఒక ప్రశ్న అడగమంది. అందుకే ఇప్పుడు రాస్తున్నాను.

ఫోన్ ఎందుకు చేయలేదంటావేమో. ఫోనులో నాకు సగం మాటలే వినిపిస్తాయి, వినిపించని సగం నేను కల్పించుకుంటానని నువ్వే అన్నావు. ఈ సంగతిలో కల్పన పనికిరాదు. మరణవార్త రాసే కాగితానికి మూలలు నల్ల చేయడం ఆనవాయితీ. కొండలు మన ఇంటిపేరు వాడు కాదు, మనకు మైల లేదు, కాబట్టి చేయలేదు. కానీ కలం పట్టుకుని చాలాసేపు ఆ మూలల వైపే చూస్తూ కూర్చున్నాను.

జరిగింది ఇది. కిందటి వేసవిలో కొండలు మన అరుగు మీదికి తెచ్చి నీకు చూపించిన లిథియం బ్యాటరీ గుర్తుంది కదా, పడవలో దీపాలకూ, దారి చూపే యంత్రానికీ పెట్టుకున్నది. వేట నుంచి తిరిగొచ్చి, దాన్ని వలల పాకలో ఛార్జింగుకు పెట్టి, బయట ఇసుకలో నడుం వాల్చాడట. కాసేపటికి పాకలోంచి ఈల వేసినట్టు చప్పుడు, తెల్లటి పొగ. పాకలో కొండలు వలలున్నాయి, అతని జతగాడు కూర్మారావు వలలు కూడా ఉన్నాయి. కొండలు ముందు కూర్మారావు వలలు లాగి బయట పడేశాడు. తన వల కోసం మళ్ళీ లోపలికి వెళ్ళాడు. నైలాను వల కాలదు, కరుగుతుంది. కరిగి చేతులకు అంటుకుంటుంది. ఇక రాయను. పెద్దాసుపత్రిలో దోమతెర కింద వారం రోజులు ఉన్నాడు. నేను రెండుసార్లు వెళ్ళి చూశాను. రెండోసారి నన్ను గుర్తుపట్టి, "టీచరమ్మా, కూర్మారావు వల దక్కింది గదా?" అన్నాడు.

కాసమ్మ చేపల బుట్ట లేకుండా మన గుమ్మంలోకి రావడం ఇదే మొదటిసారి. కూర్చోమంటే కూర్చోలేదు. నిలబడే అంది.

"మీ పాప బేటరీల సదువే గదా సదువుతంది. సముద్రం మింగితే సముద్రాన్ని తిట్టుకుందును. తుఫానయితే తుఫాన్ని తిట్టుకుందును. దీన్ని ఏటని తిట్టేది టీచరమ్మా? అదెందుకు కాలినాదో పాపనడిగి సెప్పమ్మా. నాకు తిట్టుకోడానికి ఏటో ఒకటి గావాల."

కాబట్టి నీకు తోచింది కాదు, తెలిసింది రాయి. తెలియకపోతే తెలియదని రాయి.

నీ జనవరి ఉత్తరంలో మూడుచోట్ల గీతలు గీసి దీనితో జతచేశాను. ఎప్పటిలాగే తప్పేమిటో నేను రాయను. గీత ఉన్నచోట ఆగి నువ్వే కనిపెట్టుకో. ఇలాంటి రోజున కూడా దిద్దడమేమిటని నీకు అనిపించవచ్చు. ఇవి మొన్నే దిద్దాను. ఇవాళైతే నా చెయ్యి ఆడేది కాదు.

వేళకు భోంచెయ్యి.

అమ్మమ్మ
కమలాంబ


మైసూరు
18 ఫిబ్రవరి 2025

అమ్మమ్మకు నమస్కారాలతో నీ ప్రణతి.

నీ ఉత్తరం చేతిలో పట్టుకుని ప్రయోగశాల మెట్ల మీద కూర్చుండిపోయాను. లోపలికి వెళ్ళాలంటే జోళ్ళు మార్చుకుని, టోపీ పెట్టుకుని, గాలి దులిపే గదిలోంచి వెళ్ళాలి. ఏడుస్తూ వెళ్ళడానికి వీల్లేదు, ఆ గదిలో తడి ఉండకూడదు. మా లిథియం లోహానికి తడి పడదు.

కొండలు మామ ఆ బ్యాటరీని తుండుగుడ్డలో పసిపిల్లలా చుట్టి తెచ్చాడు. "ఇది నా రెండో పెళ్ళాం పాపా, ముట్టుకుంటే మండిపడతాది" అన్నాడు. పక్కనుంచి బేబీ అత్త, "మొదటి పెళ్ళాన్ని ముట్టుకుంటే సల్లగుంటాది గావాల" అని మూతి తిప్పింది. నువ్వు కూడా నవ్వావు అమ్మమ్మా, నేను చూశాను. పటం గీసినట్టు గుర్తుంది.

కాసమ్మవ్వ ప్రశ్నకు నాకు తెలిసినంత రాస్తున్నాను. ఏ బ్యాటరీలోనైనా రెండు పలకలుంటాయి. అవి ఒకదాన్నొకటి తాకకూడదు. తాకితే అందులో ఉన్న శక్తంతా ఒక్కసారిగా మంటవుతుంది. తాకకుండా మధ్యలో ఉల్లిపొర కంటే పలచని పొర పెడతారు. దాన్నే సెపరేటర్ అంటాం. పెళ్ళిలో పట్టే అడ్డుతెరలాంటిదని నీకు ఒకసారి చెప్పాను, నువ్వు దాని కింద గీత గీశావు. తెర ముహూర్తం దాకా ఉంటే చాలు, ఇది కలకాలం ఉండాలి కదా! దీంట్లో కంటికి కనపడని రంధ్రాలుంటాయి. లిథియం కణాలు వాటిలోంచి అటూ ఇటూ తిరుగుతాయి. కణాలు వెళ్ళాలి, పలకలు మాత్రం కలవకూడదు. నా చదువంతా ఆ ఒక్క పొర గురించే.

ఆ పొర మూడు కారణాల వల్ల పాడవుతుంది. ఒకటి, వేడి. వేడికి పొర ముడుచుకుపోయి అంచుల దగ్గర పలకలు కలుస్తాయి. మన ఎండలకు ఇదే ముఖ్యం. రెండు, కట్టడం సరిగా లేకపోవడం. పాత బ్యాటరీల్లోంచి తీసిన గొట్టాల్లాంటి సెల్లులను కలిపి కొత్తదని అమ్మే దుకాణాలున్నాయి. మూడోది, బాగా చల్లబడి ఉన్నప్పుడు ఛార్జింగు పెట్టడం. అప్పుడు లిథియం పలక లోపలికి ఇంకలేక పైనే పేరుకుని, సూదుల్లా పెరుగుతుంది. ఒక్కరోజులో కాదు, ప్రతిసారీ కొంచెం కొంచెం. చివరికి ఒక సూది పొరను పొడుస్తుంది. మంచు దేశాల్లో ఇది పెద్ద తలనొప్పి. మనకు ఆ బాధ లేదు. సోనేపూర్ సముద్రం మీద గడ్డకట్టే చలి ఎక్కడిది? కాబట్టి మొదటి రెండింట్లోనే ఏదో అయ్యుండాలి. నాకు మామకు బ్యాటరీ అమ్మిన దుకాణం మీదే అనుమానం. కాసమ్మవ్వను ఆ దుకాణాన్ని తిట్టుకోమను.

అయినా నాకు వివరాలు కావాలి. పాక ఎండలో ఉందా? ఛార్జరు ఏది? బ్యాటరీ ఉబ్బిందా? దాన్ని పడవలో ఎక్కడ పెట్టేవాడు? కాలిన ముక్కలు మిగిలుంటే ఎవరినీ ముట్టుకోవద్దని చెప్పు.

ఇంకో మాట. చెప్పవచ్చో లేదో తెలియదు. నీ ఉత్తరం వచ్చిన ముందురోజే నా కొత్త పొర గట్టెక్కింది. ప్లాస్టిక్ పొర మీద పింగాణిలాంటి పొడిని సన్నగా పూసి, నూలుకంటే సన్నని దారాలతో బిగించాను. మామూలు పొర ముడుచుకుపోయే వేడిలో అది చెక్కుచెదరలేదు. పూర్తి లిథియం లోహంతో చేసే బ్యాటరీల్లో కూడా సూదులకు అడ్డం నిలుస్తుందని ఆశ. రెండేళ్ళ పని అమ్మమ్మా. గెంతులు వేశాను. ఆ గెంతులు వేసిన రోజుకే మామ లేడని నాకు తెలియదు.

బేబీ అత్తను చూసుకో. నీ మోకాళ్ళకు నూనె రాసుకుంటున్నావా?

నీ ప్రణతి


బరంపురం
19 ఫిబ్రవరి 2025

చి. ప్రణతికి దీవెనలు.

నీ జవాబు ఇంకా అందలేదు. పోస్టు మీద కోపం తెచ్చుకోవడం మానేశాను. నువ్వు అడగకముందే అడగబోయేవి తెలుసుకుని ఉంచడం మంచిదని ఆదివారం సోనేపూర్ వెళ్ళివచ్చాను.

గొళంత్ర దాటాక దారి ఎప్పటిలాగే ఉంది, నా నడుము మాత్రం ఎప్పటిలా లేదు. బాహుదా నది కలిసేచోట ఇసుక దిబ్బ ఈ ఏడు ఇంకా దక్షిణానికి జరిగింది. పాక ఉన్నచోట నల్లటి చదరం మిగిలింది. పిల్లలు దాని చుట్టూ తిరిగి ఆడుతున్నారు కానీ లోపల కాలు పెట్టడం లేదు.

బేబీ లేచి రాలేదు. తలుపు వెనకనుంచే మాట్లాడింది. నీ గురించి కాసమ్మ అన్న మాటలు నీకు తెలియాలి. నువ్వు చదువుకున్నది పుస్తకంలోనే ఉండిపోతుందని అప్పుడప్పుడు బాధపడతావు కదా. విను.

"పాప సెప్పిన మాట నా కొడుకు జవదాటనేదు టీచరమ్మా. 'మామా, ఈటికి ఏడే శత్రువు, ఎంత సల్లగా ఉంచితే అంత మంచిది' అన్నాది. ఆ రోజు లగాయితు ఎండ తగలనిచ్చినాడు గాడు. సముద్రం మీద ఐసుపెట్టెలోనే దాని పడక. ఉప్పునీరు తగలకుండా సంచిలో సుట్టి, సేపల నడుమ పెట్టీవోడు."

తలుపు వెనకనుంచి బేబీ అంది. "ఐసు తక్కువైన రోజు సేపకి తగ్గించి దానికేసీవోడు. సేప మెత్తబడి రేటు పడిపోయినా ఊరుకున్నాడు గాని, దాన్ని ఏడెక్కనియ్యనేదు. ఒడ్డుకు రాగానే సల్లసల్లగా అలాగే ఛార్జింగెట్టీవోడు. మల్లీ ఏటకెల్లాల గదా."

ప్రణతీ, నేను ముప్పై ఏళ్ళు సైన్సు చెప్పాను. నేను చెప్పిన వాక్యాన్ని అక్షరం పొల్లుపోకుండా పాటించిన పిల్ల ఒక్కతె కూడా నాకు గుర్తులేదు. కొండలు నీ వాక్యాన్ని పాటించాడు. "ఎంత చల్లగా ఉంచితే అంత మంచిది." ఆ మాట కింద గీత గీశాను. చూసుకో.

ఇంత జాగ్రత్తగా ఉంచిన వస్తువు ఎందుకు కాలిందన్నదే కాసమ్మ బాధ. నాకూ అంతుపట్టలేదు. ఛార్జరు తొందరగా నింపే రకం, దుకాణంవాడే ఇచ్చాడట. బ్యాటరీ పక్కన కొద్దిగా ఉబ్బినట్టు కూర్మారావు చూశాడట. ఇవి నీకు ఉపయోగపడతాయేమో.

కాసమ్మ నాకు ఎండు నెత్తళ్ళ చేపలు పొట్లం కట్టి ఇచ్చింది. వద్దన్నాను. ఇల్లు దాటేలోపు సంచిలో వేసేసింది.

అమ్మమ్మ
కమలాంబ


మైసూరు
26 ఫిబ్రవరి 2025

అమ్మమ్మ గారికి,

మీ 19వ తేదీ ఉత్తరం నిన్న అందింది. మీరు గీసిన గీత చూశాను.

నా ఉత్తరం మీకు ఈపాటికి చేరి ఉంటుంది. అందులో మూడో కారణం చదివే ఉంటారు. అయినా తప్పేమిటో మీరు రాయరు. గీత గీసి, చూసుకోమంటారు. తొమ్మిదో ఏట లెక్కల పుస్తకంలో గీసినట్టే గీశారు. ఆ గీత దగ్గర ఆగాను, కనిపెట్టాను. మీకు ఆ శ్రమ లేకుండా నేనే రాస్తున్నాను.

ఐసులో పెట్టిన బ్యాటరీ లోపల గడ్డకట్టేంత చలి. దాన్ని తీసిన వెంటనే వేగంగా నింపితే లిథియం సూదులుగా పెరుగుతుంది. మే నెల తర్వాత వేటకు వెళ్ళిన ప్రతిసారీ కొంచెం కొంచెం పెరిగింది. ఒక సూది పొరను పొడిచింది. ఐసులో పెట్టమని నేను చెప్పలేదని వాదించవచ్చు. కానీ ఐసుపెట్టె ఉన్నవాడికి "ఎంత చల్లగా ఉంచితే అంత మంచిది" అంటే ఇంకేం అర్థమవుతుంది? నేను ఎండ గురించి ఆలోచిస్తూ మాట్లాడాను. ఎదురుగా ఉన్న మనిషి ఏం పని చేస్తాడో ఆలోచించలేదు.

కొండలు మామను నేను చంపాను.

దుకాణం పేరు మీద ఫిర్యాదు రాసి పెట్టుకున్నాను. చించేశాను. ప్రొఫెసరుగారికి ఈ నెలాఖరుతో మానేస్తానని చెప్పాను. ఆయన ఎందుకని అడిగితే ఇంట్లో మరణమన్నాను. అబద్ధం కాదనుకుంటాను. నా పొరను వేడిలోనే పరీక్షించాను, చలిలో ఒక్కసారి కూడా పెట్టి చూడలేదు. మన దేశంలో దేనికని. అదీ నా శాస్త్రం.

కాసమ్మవ్వ నన్ను మెచ్చుకున్న మాటలు పూర్తిగా రాశారు. అంతకంటే శిక్ష వేయడం మీకు కూడా చేతకాదు.

ప్రణతి


బరంపురం
28 ఫిబ్రవరి 2025

ప్రణతికి,

నీ 18వ తేదీ ఉత్తరం సోమవారం వచ్చింది. మూడో కారణం ఉన్న పేరా చదివి, కళ్ళజోడు తీసి తుడుచుకుని మళ్ళీ చదివాను. 19న నేను పంపింది నీకు అందే ఉంటుంది. దాని గురించి తర్వాత మాట్లాడుకోవచ్చు. ఇప్పుడు అంతకంటే తొందరైన పని ఉంది.

సోనేపూర్‌లో మిగతా పడవలవాళ్ళూ కొండలును చూసి బ్యాటరీలు ఐసులోనే పెడుతున్నారు. అతను పోయాక భయం పెరిగి ఇంకా ఎక్కువ ఐసు వేస్తున్నారు. నిన్న మళ్ళీ వెళ్ళి, ఐసులోంచి తీసేయమని చెప్పాను. కూర్మారావు మర్యాదగానే విన్నాడు. తర్వాత అన్నాడు:

"టీచరమ్మా, పాపే సల్లగా ఉంచమన్నాది, మీరు ఒద్దంటారు. బేటరీ సదువు సదివింది పాపా మీరా?"

చుట్టూ ఉన్నవాళ్ళు నవ్వారు. ఇంకొకడు, "కొండలు బేటరీకి ఆ రోజు ఐసు సాలక కాలినాది" అన్నాడు. అందరూ తల ఊపారు. నా మాట ఎవరికీ ఎక్కలేదు. నీ మాటను నీ మాటే తీసేయాలి.

కాబట్టి కింది ప్రశ్నలకు జవాబు వెంటనే రాయి. బ్యాటరీని పడవలో ఎక్కడ పెట్టాలి? చల్లబడినదాన్ని బయటికి తీశాక ఎంతసేపు ఆగాలి? ఛార్జింగు ఎక్కడ పెట్టాలి? ఇప్పటికే నెలల తరబడి ఐసులో ఉన్నవి ఏం చేయాలి? జవాబు విడి కాగితం మీద, పెద్ద అక్షరాలతో రాయి. ఇంకేదీ ఆ కాగితం మీద రాయకు. దాన్ని నేను వాళ్ళ ముందు చదవాలి.

ఆలస్యం చేయకు.

కమలాంబ


మైసూరు
6 మార్చి 2025

అమ్మమ్మ గారికి,

మీ ప్రశ్నలకు జవాబులు విడి కాగితం మీద ఉన్నాయి. ఇంకేదీ రాయవద్దన్నారు. ఒక్క వాక్యం ఎక్కువ రాశాను, మొదటి వాక్యం. అది అక్కర్లేదనుకుంటే మీరు వదిలేసి చదవవచ్చు.

కూర్మారావు నంబరు నా దగ్గర ఉంది. మూడుసార్లు నొక్కాను. అటు మోగగానే పెట్టేశాను. నా గొంతు వినగానే "పాపా" అంటాడు.

గది ఖాళీ చేస్తున్నాను. ఎక్కడికి వెళ్ళాలో నిశ్చయించుకోలేదు. బరంపురం రావడానికి నాకు మొహం లేదు. ఇక మీద నాకు ఉత్తరాలు దిద్ది పంపవద్దు.

ప్రణతి

(విడి కాగితం)

కొండలు మామకు చెప్పవలసిన మాట నేను పూర్తిగా చెప్పలేదు, అందువల్లే ఆయన బ్యాటరీ కాలింది.
బ్యాటరీని ఐసులో పెట్టకూడదు. ఐసుపెట్టె మీద కూడా పెట్టకూడదు. నీడలో, గాలి తగిలేచోట, తడి లేకుండా ఉంచాలి.
చల్లబడిన బ్యాటరీని ఆ పూటకు ఛార్జింగు పెట్టకూడదు. పైన వెచ్చగా ఉన్నా లోపల చల్లగానే ఉంటుంది.
నెమ్మదిగా నింపే ఛార్జరే వాడాలి. వలలకూ, పడుకునే మనుషులకూ దూరంగా, ఆరుబయట, నీడలో పెట్టాలి.
ఇప్పటిదాకా ఐసులో ఉన్న బ్యాటరీలను, ఉబ్బినవాటిని ఇంకెప్పుడూ ఛార్జింగు పెట్టకూడదు. చూడ్డానికి బాగున్నా సరే.


బరంపురం
13 మార్చి 2025

ప్రణతీ, నా తల్లీ,

నీ రెండు ఉత్తరాలూ నా ముందున్నాయి. నువ్వు నన్ను మీరు అనడం నేను గమనించలేదనుకోకు.

ముందు గీత సంగతి. ఆ గీత గీసినప్పుడు నీ జవాబు నాకు చేరలేదు. తేదీలు చూసుకో, నువ్వు 18న రాశావు, నేను 19న రాశాను. మన ఉత్తరాలు దారిలో ఎక్కడో ఎదురుపడి పక్కనుంచి వెళ్ళిపోయాయి. నేను గర్వంతో గీశాను. ఒక మనిషి నా మనవరాలి మాటకు అంత విలువ ఇచ్చాడన్న గర్వం. ఇన్నేళ్ళుగా తప్పుల కింద తప్ప ఎక్కడా గీత గీయని దాన్ని, నువ్వు వేరేలా ఎలా అనుకుంటావు? మెచ్చుకోవడానికి కూడా నా దగ్గర వేరే గుర్తు లేకపోయింది.

"కొండలు మామను నేను చంపాను" అన్న వాక్యం కింద ఇవాళ గీత గీశాను. ఈసారి తప్పేమిటో నేనే రాస్తాను. నువ్వు చంపలేదు. ఒక వాక్యం సగం చెప్పావు. ఆ రోజు అరుగు మీద నేనూ కూర్చుని ఉన్నాను, నాకూ అది పూర్తి వాక్యంలాగే వినిపించింది. విడి కాగితం మీద నువ్వు రాసిన మొదటి వాక్యం సరైనది. దాని కింద గీత లేదు.

ఇక సోనేపూర్. నీ కాగితం మంగళవారం అందింది, బుధవారం తీసుకువెళ్ళాను. పడవలు ఒడ్డున పడి ఉన్నాయి, మగవాళ్ళు వలలు బాగుచేసుకుంటున్నారు. కాసమ్మ చేపలు ఆరబోస్తోంది. మొదటి వాక్యం వదిలేయవచ్చని నువ్వు అన్నావు. దారి పొడుగునా దాని గురించే ఆలోచించాను. వదిలేస్తే మిగతాది నమ్మరు. కిందటిసారి నేను అలా వదిలేసే కదా మాట్లాడాను, నవ్వి పంపేశారు. నిలబడి, మొదటి వాక్యంతోనే మొదలుపెట్టాను.

ఎవరూ నవ్వలేదు. చదవడం అయ్యాక కూర్మారావు, "ఆ వాక్యం మల్లీ సదవండి టీచరమ్మా" అన్నాడు. చదివాను. అతను కాసమ్మ వైపు చూడలేకపోయాడు. ఎవరూ చూడలేదు.

కాసమ్మ చేతిలోని చేపలను వరుసగా పరవడం పూర్తి చేసింది. మధ్యలో వదల్లేదు. తర్వాత లేచి, చేతులు కొంగుకు తుడుచుకుని, కూర్మారావు పడవ దగ్గరికి వెళ్ళింది. ఐసుపెట్టె మూత తీసి, సంచిలో చుట్టిన బ్యాటరీని రెండు చేతులతో ఎత్తి బయటికి తెచ్చింది. ఎవరూ అడ్డుపడలేదు. దాన్ని నీడలో పొడి ఇసుక మీద పెట్టింది. నిద్రపోయిన బిడ్డ తలకింద నుంచి చెయ్యి తీసినంత నెమ్మదిగా పెట్టింది. మిగతా పడవలవాళ్ళు ఒక్కొక్కరూ లేచి తమ పెట్టెలు తెరిచారు. సాయంత్రానికి ఊళ్ళో ఐసులో ఒక్కటి కూడా మిగల్లేదు.

అప్పుడు నా దగ్గరికి వచ్చింది.

"ఈ ముక్క పాప ఎరుగునా?"

"ఎరుగును. ఆమే రాసింది."

"మరి మీరొచ్చినారేటి? ఆవిడేది?"

 సిగ్గుపడుతోందని, కుమిలిపోతోందని, చదువు మానేస్తోందని చెప్పాను. కాసమ్మ వింటూనే తల అడ్డంగా ఊపింది.

"సదువు మానేత్తే నా కొడుకు లేసొత్తాడా? నాకు తిట్టుకోడానికి ఏటో ఒకటి గావాలన్నాను. దొరికింది. తిడతాను టీచరమ్మా, ఒగ్గను. ఇన్నాళ్ళూ నోట్లోనే పెట్టుకున్నాను. తిట్టించుకోడానికి మనిసుండాల గదా. అక్కడెక్కడో గదిలో కూకుంటే నా తిట్లు గాలికి పోతాయి."

బేబీ ఈసారి తలుపు వెనకనుంచి కూడా మాట్లాడలేదు. నేను బయలుదేరేటప్పుడు సంచిలో ఏ పొట్లమూ లేదు. నిన్న బుధవారం, కాసమ్మ బుట్టతో మన వీధికి వచ్చే రోజు కాదు కదా అని సర్దిచెప్పుకున్నాను. కానీ ఇవాళ ఆమె వచ్చే రోజే. పక్కింటి వాళ్ళకు చేపలు ఇచ్చి, మన గుమ్మం ముందు నుంచే వెళ్ళింది. నేను అరుగు మీదే ఉన్నాను. ఆగలేదు.

ఆమె క్షమిస్తుందని నేను నీకు రాయను. నాకు తెలియదు. తెలియనిది రాయకూడదని నీకు నేర్పింది నేనే.

జరగవలసినవి కింద రాశాను. ఈ ఉత్తరానికి జవాబు అక్కర్లేదు.

నీ అమ్మమ్మ

1. గది ఖాళీ చేయవద్దు. సామాను విప్పి ఎక్కడివి అక్కడ సర్దు.

2. ప్రొఫెసరుగారికి అసలు కారణం చెప్పు. ఇంట్లో మరణమన్నావు, అది నిజమే, కానీ అదీ సగం వాక్యమే.

3. సెలవు అడిగి హౌరా వెళ్ళే బండిలో బరంపురం రా. స్టేషనుకు నేను వస్తాను. నన్ను నువ్వు అనే పిలువు.

4. వచ్చిన మర్నాడు పొద్దునే సోనేపూర్ వెళదాం. చేతిలో ఏమీ పట్టుకురాకు. పండ్లు, బట్టలు, ఏవీ వద్దు.

5. బేబీ తలుపు తీయకపోతే తట్టవద్దు. గుమ్మం దగ్గర కూర్చో.

6. ఐసులోంచి తీసిన బ్యాటరీలను దూరంగా ఇసుకలో కప్పి ఉంచారు. వాటిని ఏం చేయాలో నువ్వే దగ్గరుండి చూడాలి. కాగితం మీది మాటలు ఒడియాలో కూడా రాసిపెట్టు. ఆర్యపల్లి వైపు పడవలవాళ్ళకూ ఇవ్వాలి.

7. తిరిగి వెళ్ళాక నీ పొరను ఐసులో పెట్టి పరీక్షించు. సూది పొడిచిందా, పొర నిలిచిందా, ఏది జరిగితే అది రాయి. ఆ పరీక్షను ఎందుకు చేశావో మొదటి పేజీలో కొండలు పేరుతో రాయి.

8. కాసమ్మ తిడుతున్నంతసేపూ తల ఎత్తవద్దు, ఏడవవద్దు, సంజాయిషీ చెప్పవద్దు. నేను నీ పక్కనే కూర్చుంటాను, అడ్డుపడను. తిట్టేటప్పుడు ఆమె నిన్ను పాప అని పిలవకపోవచ్చు. అందుకు సిద్ధపడి రా.